డీహిసెన్స్ అనే మాటా, మా మేనత్త కుట్లూ

ఆ రోజుల్లో, అంటే చదువు పూర్తయి ఉద్యోగం అనబడే దానిలో కొత్తగా కాలుపెట్టిన రోజుల్లో, నాకు పెద్ద మాటల పిచ్చి ఉండేది. తోటి ఆడపిల్లలు చెవిదిద్దులు పోగేసుకుంటుంటే నేను మాటలు పోగేసుకునేదాన్ని. పలకడానికి నోరు నాలుగు వంకర్లు తిరగాలి, విన్నవాళ్లు ‘ఆఁ?’ అని ఇంకోసారి అడగాలి, అప్పుడే అది నా దృష్టిలో మాట. అలా పోగేసిన వాటిలో నాకు ప్రాణంతో సమానమైనది ‘డీహిసెన్స్’. వ్యవసాయ కాలేజీలో వృక్షశాస్త్రం చెప్పే మేడమ్ నోట విన్నాను. పండిన కాయ తనంతట తాను, ఎవరూ చీల్చకుండానే, పుట్టుకతో వచ్చిన అతుకుల వెంబడి విచ్చుకోవడాన్ని అలా అంటారు. పత్తికాయ పగలడం డీహిసెన్స్. మినుము కాయ ఎండకి చిట్లి గింజలు చేలో రాలిపోవడమూ డీహిసెన్సే. పువ్వులో పుప్పొడి తిత్తి నోరు తెరవడమూ అదే. (లాటిన్‌లో దాని వేరు దాకా వెళితే నోరు తెరవడం, ఆవులించడం అనే అర్థం వస్తుందట. ఇది చదివిన రోజు నేను అద్దం ముందు నిలబడి గర్వంగా ఆవులించాను.) ఈ మాట వృక్షశాస్త్రం గడప దాటి బయట కూడా తిరుగుతుందని మాత్రం నాకు అప్పటికి తెలియదు. తెలిసిన రోజున నా పై ప్రాణాలు పైనే పోయాయి.

అప్పుడు నేను ప్రత్తిపాడు పక్కన ఒక విత్తనాల కంపెనీ వాళ్ల ప్రయోగ క్షేత్రంలో ట్రైనీని. పొద్దున్నే టోపీ పెట్టుకుని పత్తిచేలో దిగి, ఏ మొక్కకి కాయ ఎప్పుడు పగిలిందో చూసి కొమ్మకి రంగుదారం కట్టడం నా పని. (ఇంటికి ఫోన్ చేసినప్పుడు మాత్రం ‘పరిశోధన’ అనేదాన్ని.) ఉండేది మా మేనత్త ఇంట్లో. అత్త భారీ మనిషి, మనిషికి తగ్గ నవ్వు. ఆ నవ్వు పొట్టలో మొదలై, భుజాలకి పాకి, కళ్లల్లో నీళ్లు తెప్పించి, చివరికి వీధి మలుపులో కిరాణా కొట్టు దాకా వెళ్లి వచ్చేది. మా మామయ్య మిరప రైతు, మితభాషి. “ఏందా నవ్వు? వీధి వీధంతా వినపడాలా?” అనడం ఆయన దినచర్యలో భాగం. ఒకరోజు రాత్రి అన్నాల దగ్గర నేను గొంతు సవరించుకుని అత్తకి డీహిసెన్స్ గురించి చెప్పాను. ఆవిడ గోంగూర కలుపుతున్న చెయ్యి ఆపి, “పత్తి పగిలింది అంటే పోయేదానికి అంత తిప్పలెందుకే? ఏదీ, ఇంకోసారి అను,” అంది. అన్నాను. ఇంకోసారి అనమంది. అన్నాను. ఇక నవ్వు మొదలెట్టింది, పొట్ట పట్టుకుని గోడకి ఒరిగిపోయింది. నాకు ఒళ్లు మండి కంచం తీసుకుని వసారాలోకి వెళ్లిపోయాను.

మిరపకాయలు కల్లానికి వచ్చిన రోజుల్లో అత్తకి ఉన్నట్టుండి కడుపునొప్పి వచ్చింది. మామూలు నొప్పి కాదు, మంచం పట్టె పట్టుకుని మెలికలు తిరిగిపోయింది. గుంటూరులో ఒక ఆసుపత్రికి తీసుకెళితే పేగు మెలిపడిందన్నారు, వెంటనే పొట్ట కోయాలన్నారు. కోశారు. బొడ్డుకి పైన మొదలై కిందిదాకా పొడుగ్గా కోత, దానిమీద కుట్లు. మామయ్య ఎంత మిరపఘాటునైనా తట్టుకుంటాడు గానీ సూది చూస్తే కళ్లు తిరుగుతాయి. అందుకని ఆసుపత్రిలో అత్త పక్కన నేను కూర్చున్నాను. ఆపరేషన్ బాగా జరిగింది, పేగు సర్దుకుంది, అందరం ఊపిరి పీల్చుకున్నాం. ఆ మర్నాడు పొద్దున పెద్ద డాక్టరు గారు రౌండ్స్‌కి వచ్చి, అత్త పొట్ట మీద కట్టు చూసి, వెనకాల నిలబడ్డ కుర్ర డాక్టరమ్మతో అన్నారు: “మనిషికి ఒళ్లుంది, షుగర్ ఉంది. దగ్గు రాకుండా చూడండి. డీహిసెన్స్ అయితే మళ్లీ థియేటర్‌కి తీసుకెళ్లాల్సి వస్తుంది.”

నిజం చెప్పొద్దూ, ముందు నాకు సంతోషం వేసింది. ‘అరె, నా మాట!’ అనుకున్నాను. ఊరుగాని ఊళ్లో మన వీధివాళ్లు కనబడితే ఎలా ఉంటుంది, అలా ఉంది. ఆ సంతోషం ఎంతోసేపు నిలవలేదు. పత్తికాయ కళ్లముందు కదిలింది. ముందు మొనదగ్గర సన్నగా ఒక గీత, తరువాత ఆ గీత నోరు తెరవడం, రెబ్బలు వెనక్కి వాలిపోవడం, లోపలున్నదంతా తెల్లగా బయటికి పొంగి వేలాడడం. నా చూపు దానంతటది అత్త పొట్ట మీదికి వెళ్లింది. డాక్టరు గారు ఆ తరువాత మంచి తెలుగులో, చక్కగా, “దగ్గు వచ్చినా తుమ్ము వచ్చినా దిండు తీసుకుని పొట్టకి అదిమి పట్టుకోవాలమ్మా, కొన్నాళ్లు బరువులెత్తొద్దు, పగలబడి నవ్వొద్దు,” అని అత్తకి చెప్పారు. అత్త బుద్ధిగా తలూపింది. ఆవిడ విన్నది ఆ తెలుగు మాటలే కాబట్టి హాయిగా పడుకుంది. నేను ఆ ఒక్క మాట కూడా విన్నాను కాబట్టి నాకు కునుకు పట్టలేదు.

డాక్టరు గారిని అడగొచ్చు కదా అంటారా? ఆయన ఔనంటారేమోనని అడగలేదు. ఫోన్‌లో వెతికాను. (వెతక్కుండా ఉండాల్సింది. ఆ బొమ్మలు ఇప్పటికీ కళ్లు మూసుకుంటే కనబడతాయి.) కోతగాయం కుట్లు వదిలేసి మళ్లీ తెరుచుకోవడాన్ని వైద్యులు కూడా డీహిసెన్స్ అనే అంటారట. అలా జరగబోయే ముందు కట్టు మీద ఎర్రెర్రగా, నీళ్లనీళ్లగా ఊరుతుందట. చెవి డాక్టర్లకీ ఈ మాట ఉందట, లోపలి చెవి మీదుండే సన్నని ఎముక విచ్చుకుంటే మనిషికి తన కనుగుడ్లు తిరిగే చప్పుడు తనకే వినబడుతుందట. అది చదివి నేను కాసేపు కనుగుడ్లు అటూ ఇటూ తిప్పి విన్నాను, ఏమీ వినబడలేదు గానీ భయం ఇంకాస్త పెరిగింది. కాయ, పువ్వు, చెవి, పొట్ట: నేను ముచ్చటపడి పెంచుకున్న మాట ఎక్కడికి వెళ్లినా చేసే పని ఒకటే, మూసి ఉన్నదాన్ని తెరవడం. అది ఇప్పుడు మా అత్త మంచం పక్కకి వచ్చి కూర్చుంది.

వారం దాటాక కుట్లతోనే ఇంటికి పంపారు, తరువాత వచ్చి విప్పించుకోమన్నారు. కూతురికి సాయం ఉందామని సత్తెనపల్లి నుంచి నాయనమ్మ వచ్చింది. వచ్చీ రాగానే నన్ను వంటింట్లోకి లాక్కెళ్లి, “డాక్టరు ఏమన్నాడే? మీ అత్తకి తెలియనీకుండా నాకు చెప్పు,” అంది. మామయ్య కూడా తలుపు దగ్గరికి వచ్చి నిలబడ్డాడు. దగ్గొద్దన్నారు, బరువులెత్తొద్దన్నారు అని చెప్పి ఊరుకోవచ్చు. ఊరుకుంటే నేనెందుకవుతాను? “డీహిసెన్స్ అవుతుందేమోనని భయపడుతున్నారు,” అన్నాను. వాళ్లకి అర్థం కాలేదు. అర్థమయ్యేలా చెప్పడం నా వృత్తిధర్మం కదా, “పత్తికాయ పగలదూ, అట్లా కుట్లు పగిలి...” అని రెండు చేతులూ దగ్గరపెట్టి, వేళ్లు విప్పి చూపించాను. పట్నంవాళ్లకి చెబితే ‘అలాగా’ అని ఊరుకునేవాళ్లేమో. మా వాళ్లు పుట్టినప్పటినుంచీ పత్తిచేలలో బతికినవాళ్లు. కాయ ఎలా పగులుతుందో, పగిలాక లోపలున్నది మళ్లీ లోపలికి ఎలా పోదో వాళ్లకి ఒకరు చెప్పనక్కరలేదు. నాయనమ్మ చేతిలో గరిటె పొయ్యిగట్టు మీద పడింది. మామయ్య గోడ పట్టుకున్నాడు.

కాసేపటికి మామయ్య తేరుకుని, “కాయ ఎండ తగిలితేనేగా పగులుద్ది?” అన్నాడు. “గాలాడాల, తడారాల. మబ్బేస్తే పగలదు,” అంది నాయనమ్మ. “ఆకులు దట్టంగా కమ్ముకున్న చోట కూడా పగలదు,” అన్నాడు మామయ్య. ఇద్దరూ నావైపు చూశారు, డిగ్రీ ఉన్నదాన్ని కదా. పత్తి విషయంలో వాళ్లన్నది అక్షరాలా నిజం. “అవును,” అన్నాను. అయిపోయింది, ఆ ‘అవును’తో మా అత్త గది వాతావరణం మారిపోయింది. కిటికీలన్నీ మూసి వాటిమీద తడి చీరలు వేలాడదీశారు. ఫ్యాను ఆపేశారు. గుమ్మానికి గోనెపట్టా కట్టి దానిమీద గంటగంటకీ నీళ్లు చిలకరించారు. బయట మార్చి ఎండ పేలిపోతుంటే లోపల ముసురు పట్టిన శ్రావణమాసం. మామయ్య మజ్జిగ చెంబు పట్టుకుని వచ్చి, “తాగు, ఒంట్లో తడి ఉండాల,” అని బతిమాలేవాడు. ఇది మూర్ఖత్వమని నా బుర్రలో ఒక సగం చెబుతూనే ఉంది. రెండో సగం భయంతో చీరలు తడుపుతూనే ఉంది. “నేను మనిషినా, పత్తికాయనా?” అని అత్త మొదటిరోజు కేకలేసింది. “కేకలెయ్యకత్తా, బిగువు పడుద్ది!” అని నేను ఏడుపు గొంతుతో అన్నాను.

ఇక మిరపకాయలు. ఆ కాలంలో మా వైపు ఏ ఇంటి చుట్టూ చూసినా ఎర్రటి కల్లాలే, గాలి ఇటు తిరిగితే తుమ్ము, అటు తిరిగితే దగ్గు. మామయ్య ఇంటి వెనక ఉన్న కాయనంతా ఊరిబయటి పొలంలోకి తరలించి, తొడిమలు తుంచే ఆడవాళ్లని అక్కడికే రమ్మన్నాడు. తాలింపు బంద్. అగరొత్తి బంద్. టీవీలో నవ్వొచ్చే కార్యక్రమాలు బంద్. అందరికన్నా కష్టం పక్కింటి ఖాలాకి (ఉర్దూలో పిన్ని అని) వచ్చింది. ఆవిడ ఇంట్లో మిషన్ పెట్టుకుని జాకెట్లు కుడుతుంది, అత్తకి ప్రాణస్నేహితురాలు, ఆవిడ నోరు తెరిస్తే చాలు అత్త నవ్వుతుంది. అందుకని ఖాలాని గది బయటే నిలబెట్టి, నవ్వొచ్చే మాట ఒక్కటి కూడా అనకూడదని ఒట్టు వేయించుకున్నాను. ఆవిడ గుమ్మం దగ్గర ముఖం గంభీరంగా పెట్టుకుని, “వదినా, కుట్టు పక్కన గుడ్డ కాస్త ఎక్కువే వదిలారంటావా? ఒళ్లున్న మనిషికి వదలాల. బిర్రుగా కుడితే చంకలోనే ముందు పోయిద్ది,” అంది. ఆవిడ మంచి మనసుతోనే అంది. నేను మాత్రం ఆ రాత్రంతా గుడ్డ ఎంత వదిలారో అని ఆలోచించాను.

నాలుగు రోజులు గడిచేసరికి అత్త కేకలు ఆగిపోయాయి. అది నేను గమనించి సంతోషించాను కూడా. ఒక మధ్యాహ్నం అన్నం కలిపి తీసుకెళితే వద్దంది. “కడుపు నిండితే బిగువొస్తది,” అంది గుసగుసగా. అప్పుడు సరిగ్గా చూశాను ఆవిణ్ణి. వెల్లకిలా పడుకుని రెండు అరచేతులూ పొట్టకి చెరోపక్కా ఆనించి ఉంది, పొంగుతున్న పాలగిన్నె మీద మూత నొక్కి పట్టుకున్నట్టు. నిద్రలో కూడా ఆ చేతులు తియ్యడం లేదట. కళ్లు గుంటలు పడ్డాయి. వంటింట్లో మేం ముగ్గురం మాట్లాడుకున్నదంతా గోడ అవతల నుంచి విననే విన్నదట. “కాయ పగిలేటప్పుడు చప్పుడొస్తదా?” అని అడిగింది. “రాదత్తా,” అన్నాను, ధైర్యం చెబుతున్నాననుకుని. “అయితే మనకి తెలియకుండానే పగులుద్దన్నమాట,” అంది. “నేను పోతే మీ మామయ్య నోరు తెరిచి అన్నం కూడా అడగడే. నువ్వన్నా పెట్టు,” అంది. ఆవిడ కంటి చివర నీళ్లు చెవిలోకి జారాయి. తుడుచుకోవడానికి కూడా పొట్ట మీది చెయ్యి తియ్యలేదు. నేను తుడిచాను. నా మేనత్త, వీధి వీధంతా వినబడేలా నవ్వే మనిషి, ఊపిరి పీల్చడానికి భయపడుతోంది. ఆ క్షణం నాకు వేసిన భయం ముందు అంతవరకు పడ్డదంతా ఒట్టి ఉత్తుత్తి భయం.

కూతురు తిండి మానేసిందని తెలియగానే నాయనమ్మ తేల్చేసింది: “దిష్టి. చూడ్డానికి వచ్చిన ప్రతివాళ్లూ దాని పొట్టకేసే చూశారు.” నేను కంపెనీ చేలోకి ఒకసారి వెళ్లి ముఖం చూపించి రావాల్సి వచ్చి, సాయంత్రం తిరిగి వచ్చేసరికి ఏర్పాట్లన్నీ అయిపోయాయి. బాలింతలకి తీసినట్టు పసుపూ సున్నం కలిపిన ఎర్రనీళ్లు పళ్లెంలో పెట్టుకుని ఒకసారి తిప్పింది. పళ్లెం మంచం మీదే అత్త పక్కన పెట్టి, గుప్పెడు ఎండుమిరపకాయలు, ఉప్పు తీసుకుని ఇంకోసారి తిప్పింది. గుమ్మంలో చెప్పులు విప్పుతున్న నాకు విషయం అర్థమయ్యేలోపే వాటిని గది మూలన ఉన్న కుంపటిలో వేసేసింది. “నాయనమ్మా!” అని అరిచాను. ఘాటు రాలేదు. దిష్టి మిరపకాయలు కాలుతూ ఘాటు రాలేదంటే దిష్టి ఘోరంగా తగిలిందని లెక్క. (బొగ్గులు ఇంకా సరిగ్గా రాజుకోలేదని నా లెక్క. నన్నెవరడిగారు?) “చూశారా, ఎంత దిష్టో!” అని నాయనమ్మ గుండెలు బాదుకుని, ఈసారి రెండు దోసిళ్లు నిండా పట్టుకుని కుంపట్లో కుమ్మరించి విసనకర్రతో విసిరింది. మా పొలంలో పండిన కాయ అది, ఆ ఏడాది కారానికి గుంటూరు మిర్చి యార్డులో పేరు తెచ్చుకున్న కాయ. బొగ్గులు అప్పుడు రాజుకున్నాయి.

కిటికీలు మూసి ఉన్నాయి. తడి చీరలు వేలాడుతున్నాయి. గుమ్మానికి గోనెపట్టా ఉంది. పొగ బయటికి పోయే చిన్న సందు కూడా లేకుండా చేసింది నేనే, మామయ్యే, నాయనమ్మే. ఆ ఘాటు ముక్కులోంచి నేరుగా మెదడులోకి పోయింది. మామయ్య దగ్గుతూ కిటికీ వెతుక్కుంటున్నాడు, నాయనమ్మ దగ్గుతూనే దేవుళ్లని పిలుస్తోంది, గుమ్మం బయట ఖాలా దగ్గుతూ “వదినా! వదినా!” అంటోంది. అత్త మాత్రం దగ్గడం లేదు. ఊపిరి ఉగ్గబట్టి, కళ్లు ఇంతింత చేసి, పెదవులు బిగించి నావైపు చూస్తోంది. తుమ్మొస్తోందని ఆ కళ్లే చెప్పాయి. నేను దిండు లాక్కుని ఒక్క ఉదుటున మంచం ఎక్కాను, దిండు పొట్టకి అదిమి పట్టుకున్నాను. తుమ్మింది. ఇల్లు అదిరింది. మళ్లీ తుమ్మింది. తరువాత దగ్గు మొదలైంది, ఆగదే! ప్రతి దగ్గుకీ దిండు నా చేతుల కింద ఎగిరిపడుతుంటే, ప్రతిసారీ ‘అయిపోయింది, అయిపోయింది’ అనుకున్నాను. ఈలోగా మామయ్య తలుపు బార్లా తెరిచాడు, కుంపటి తీసుకెళ్లి దొడ్లో బోర్లించాడు. దగ్గు సద్దుమణిగింది. “చూడవే,” అంది అత్త కళ్లు మూసుకుని. మంటెత్తిన కళ్లలోంచి నీళ్లు కారుతుంటే దిండు మెల్లగా ఎత్తాను. చీర ఎర్రగా తడిసి ఉంది. కట్టు అంచు ఎర్రగా, నీళ్లనీళ్లగా ఉంది.

నేను పెట్టిన కేక కిరాణా కొట్టు దాకా వెళ్లిందని తరువాత చెప్పారు. ఆ క్షణంలో దొరికిన బండి ఏదీ లేదు, మర్నాడు యార్డుకి పంపడానికి పొలంలో మిరప టిక్కీలు (గోనె బస్తాలు) ఎక్కించి వీధి చివర నిలిపిన మామయ్య ట్రాలీ ఆటో తప్ప. ముందు సీట్లో అత్తని కూర్చోబెట్టి పక్కన దిండు పట్టుకుని నేను ఇరుక్కున్నాను. వెనక టిక్కీల మీద నాయనమ్మా, ఖాలా ఎక్కారు. (వద్దన్నా వినలేదు. ఎగుడుదిగుడుకి వెనకనుంచి ఒకళ్ల తరువాత ఒకళ్లు తుమ్ముతుంటే మాకు వాళ్లింకా బండిలోనే ఉన్నారని తెలిసేది.) మామయ్యకి వేగంగా వెళ్లాలని ఉంది, కుదుపు తగలకూడదనీ ఉంది. నాలుగు గజాలు ఉరికించి గుంట దగ్గర ఆపేసేవాడు. గుంట దాటాక అత్తవైపు చూడకుండా, రోడ్డు వైపే చూస్తూ, “ఉందా?” అని అడిగేవాడు. “ఉంది,” అనేదాన్ని. ఏముందో, ఎంతుందో నాకేం తెలుసు? దిండు ఎత్తి చూసే ధైర్యం మళ్లీ రాలేదు. దారిపొడుగునా అత్త నా మణికట్టు పట్టుకుంది, పట్టుకున్న చెయ్యి మంచులా చల్లగా ఉంది.

ఆసుపత్రిలో పెద్ద డాక్టరు గారు ఉన్నారు. అత్తని బల్లమీద పడుకోబెట్టి కట్టు విప్పుతుంటే నేను గోడవైపు తిరిగి నిలబడ్డాను, మామయ్య బయట బెంచీమీద కూలబడ్డాడు. తరువాత డాక్టరు గారు “పసుపు వాసన వస్తోందేంటి?” అన్నారు. గుమ్మం దగ్గర్నుంచి నాయనమ్మ, “అయ్యో నా పళ్లెం!” అంది. నేను దిండుతో మంచం మీదికి దూకినప్పుడు ఎర్రనీళ్ల పళ్లెం అత్త మీద ఒలికింది, అంతే. పైన గుడ్డ తడిసింది, లోపలి గుడ్డ పొడిగా ఉంది, కుట్లు దేనికది చెక్కుచెదరకుండా ఉన్నాయి. డాక్టరు గారు ఏం జరిగిందో చెప్పమన్నారు. నాయనమ్మ, ఖాలా, నేను ఒకేసారి చెప్పాం. ఎండ, మబ్బు, తడి చీరలు, దిష్టి, కుంపటి అన్నీ విని ఆయన ముక్కు మీద వేలేసుకుని, “ఇంత దగ్గినా నిలబడిందంటే ఇక మీ కుట్లకి భయం లేదమ్మా,” అన్నారు. నావైపు తిరిగి, “మాట సరిగ్గానే పట్టుకున్నావు గానీ పత్తికీ మనిషికీ తేడా మర్చిపోయావు. కాయకి రోజులు గడిచేకొద్దీ పగలడమే పని. గాయానికి రోజులు గడిచేకొద్దీ అతుక్కోవడమే పని. ఆవిడ్ని చీకట్లోంచి బయటికి తీసుకురండి, కడుపునిండా అన్నం పెట్టండి,” అన్నారు.

అత్త బల్లమీద పడుకుని ఇదంతా వింది. ముందు భుజాలు కదిలాయి. ఏడుస్తోందేమోనని దగ్గరికి వెళ్లాను. “మబ్బేస్తే పగలదంట,” అంది ఊపిరాడకుండా, “నా చుట్టూ మబ్బేశారే వీళ్లు!” అని నవ్వడం మొదలెట్టింది. నేను కంగారుగా దిండు పట్టుకుని పరిగెత్తాను. డాక్టరు గారు, “పట్టుకోమ్మా, పట్టుకుని నవ్వనీయ్,” అన్నారు. దిండుని ఆవిడా నేనూ కలిసి పట్టుకున్నాం. ఆ నవ్వు గది దాటింది, వరండా దాటింది. బయట బెంచీమీద మామయ్య తలవంచుకుని, భుజం మీది తువ్వాలుతో మాటిమాటికీ కళ్లు తుడుచుకుంటున్నాడు. ఏం మామయ్యా అంటే, “ఘాటు. బండిలో ఘాటు,” అన్నాడు. వీధంతా వినపడాలా అని మాత్రం ఆయన ఆ రోజు అనలేదు. ఆ తరువాత కూడా ఎప్పుడూ అనలేదు.

ఇదంతా జరిగి చాలా ఏళ్లయింది. ఇప్పుడు నేను దర్శి దగ్గర ఒక కాలేజీలో వ్యవసాయం పాఠాలు చెబుతున్నాను. పెద్ద మాటలు చూస్తే కళ్లు మెరిసే పిల్లలు ప్రతి ఏడూ ఇద్దరు ముగ్గురు ఉంటారు. వాళ్లని చూస్తే నాకు ముచ్చట, కొంచెం జాలి కూడా. కాయలు పగిలే పాఠం చెప్పాల్సిన రోజు మాత్రం, ఇన్నేళ్లయినా, పొద్దున్నుంచీ నాకు అరచేతుల్లో చెమటలు పడతాయి. ఎవరికైనా చెబితే నవ్వుతారు. అందుకే ఎవరికీ చెప్పకుండా క్లాసుకి వెళ్లేముందు స్టాఫ్ రూమ్ బయట చెట్టుకింద నిలబడి అత్తకి ఫోన్ చేస్తాను. ఏం తిన్నావు, షుగర్ ఎంతుంది, మామయ్య ఏం చేస్తున్నాడు అని ఏవేవో అడుగుతాను. ఆవిడ అన్నింటికీ జవాబు చెప్పి, చివర్లో, “ఏందే, ఇవాళ పత్తికాయ పాఠమా?” అంటుంది. “అబ్బే, ఊరికే చేశానత్తా,” అంటాను. అవతలనుంచి నవ్వు మొదలవుతుంది. అది పూర్తయ్యేదాకా ఫోన్ చెవికి ఆనించుకుని నిలబడి, అప్పుడు క్లాసులోకి వెళతాను.